త్యాగరాయనగర్: నేతగాని పేరున వెలసిన అంగడి

(సర్ పిట్టి త్యాగరాయ శెట్టి స్మారకోపన్యాసం, పుత్తూరు)



త్యాగరాయ శెట్టిగారి గురించి మాట్లాడమంటే ఎవరైనా జస్టిస్ పార్టీతో మొదలుపెడతారు. 1916 నవంబరులో డాక్టర్ టి.ఎం. నాయర్ వంటి వారితో కలిసి ఆయన ఆ సంస్థకు పునాది వేశారు. డిసెంబరులో బ్రాహ్మణేతర ప్రకటన వెలువరించారు. 1920 ఎన్నికల్లో పార్టీ గెలిచాక గవర్నర్ విల్లింగ్డన్ పిలిచి మంత్రివర్గానికి నాయకత్వం వహించమంటే వద్దన్నారు. ఇవన్నీ చరిత్ర పుస్తకాల్లో ఉన్నవే. ఈరోజు నేను ఆయన పేరు మోస్తున్న ఒక అంగడి గురించి మాట్లాడతాను. దాని పూర్తి పేరు త్యాగరాయనగర్. మనందరి నోటా అది టీ నగర్.

పుత్తూరులో పెండ్లి ఖాయమైందంటే ఆ వెంటనే వచ్చే మాట జవుళి. "జవుళికి ఎప్పుడు పోతారు?" అని అడుగుతారు గాని, ఎక్కడికి అని ఎవరూ అడగరు. తెల్లవారుజామున పదిమంది కలిసి వ్యానులోనో, బస్సులోనో, రైల్లోనో బయలుదేరతారు. నగరి దాటితే రాష్ట్రం మారుతుంది, భాష మారుతుంది, బస్సుల మీది అక్షరాలు మారతాయి. టీ నగర్ అంగట్లో మెట్లెక్కగానే మళ్లీ తెలుగు వినిపిస్తుంది. "రండమ్మా, కూర్చోండి, పెండ్లి పట్టా?" అంటాడు సేల్స్ అబ్బాయి. మన ఇళ్లల్లో బీరువాలు తెరిచి చూడండి. ఎన్ని పసుప్పచ్చ గుడ్డ సంచుల మీద ఉస్మాన్ రోడ్డు చిరునామా ఉంటుందో!

ఆ అంగడిని మనం పక్క రాష్ట్రంలోని పెద్ద బజారుగానే చూస్తూ వచ్చాం. దాని చరిత్ర తిరగేస్తే అడుగడుగునా మన సీమ మనుషులు, మన గుడ్డ కనిపిస్తారు. పేరు ఒక తెలుగు నేతగానిది. నడిబొడ్డున ఉన్న పార్కు పేరు కాళహస్తిలో పుట్టిన మనిషిది. అరల్లో సర్దిన నూలు గుడ్డల్లో కొన్ని నగరిలో, ఏకాంబరకుప్పంలో, నారాయణవనంలో, ఈ పుత్తూరులో దిగినవి. అన్నీ ఉండి, మన ఊరి పేరు మాత్రం ఆ అంగట్లో ఎక్కడా రాసి ఉండదు. ఎందుకు లేదన్నదే ఈరోజు నా ప్రశ్న.

కాస్త వెనక్కి పోవాలి. అసలు చెన్నపట్నం పుట్టిందే గుడ్డ కోసం. 1639లో ఈస్టిండియా కంపెనీ ఉద్యోగి ఫ్రాన్సిస్ డే కూవం నది సముద్రంలో కలిసే చోట ఇసుక మేటను ఎంచుకున్నాడు. అక్కడ రేవు లేదు. ఓడలు దూరాన నిలిచేవి, సరుకు చిన్న పడవల్లో కెరటాలు దాటి రావాలి. అయినా ఆ చోటే కావాలనడానికి అతను చూపిన ముఖ్య కారణం ఒకటి: ఆ చుట్టుపక్కల బట్ట మిగతా చోట్లకన్నా నూటికి ఇరవై వంతులు చౌకగా దొరుకుతుంది. చంద్రగిరి, వేలూరుల నుంచి ఏలుతున్న విజయనగర రాయల కింద ఆ తీరం దామెర్ల వేంకటాద్రి నాయకుని చేతిలో ఉండేది. నేల ఇచ్చింది ఆయనే. ఆయన తండ్రి చెన్నప్ప నాయకుని పేరే పట్నానికి వచ్చింది. ఆ దామెర్లవారు కాళహస్తి సీమవారు. కోట కట్టింది ఇంగ్లీషువాళ్లే గాని, వాళ్లను అక్కడికి రప్పించింది నేతగాని చేతిపని.

కోట లేచాక కంపెనీకి గుడ్డ చాలలేదు. నేతగాళ్లు ఊళ్లలో ఉంటారు, వాళ్లకు కరువు వస్తుంది, యుద్ధం వస్తుంది, వేరే వర్తకుడు ఎక్కువ ఇస్తానంటే అటు పోతారు. కాబట్టి నేతగాళ్లనే కోట దగ్గరికి తెచ్చి పెట్టుకోవాలనుకున్నారు. 1734లో గవర్నర్ జార్జ్ మోర్టన్ పిట్ హయాంలో, కంపెనీ పెద్ద వర్తకునిగా వెలిగి పదవి పోగొట్టుకున్న సుంకురామ శెట్టి తోటను తీసుకుని కూవం వంపులో ఒక పేట వేశారు. అదే చింతాద్రిపేట. నేసేవాళ్లకు, వడికేవాళ్లకు, చలువ చేసేవాళ్లకు, అద్దకంవాళ్లకు అక్కడ ఇళ్ల స్థలాలిచ్చారు. నూలుకు, కూటికి ముందుగా సొమ్మిచ్చేవారు. ఆ బయానా తీసుకున్నాక నేసిన గుడ్డ ఇంకొకరికి అమ్మడానికి లేదు. ధర కట్టేది సొమ్మిచ్చినవాడే. ఇక్కడున్న పెద్దలకు ఈ పద్ధతి విడమరిచి చెప్పనక్కర్లేదు. పేర్లు మారాయి, కంపెనీ దుబాషీ పోయి మాస్టర్ వీవర్ వచ్చాడు, దళారి వచ్చాడు. నూలు ఒకరిది, గుడ్డ ఒకరిది, మధ్యలో కూలి మనది అన్న ఏర్పాటు దాదాపు మూడు వందల ఏండ్లుగా నడుస్తూనే ఉంది.

ఆ ఏర్పాటును లోపలి నుంచి చూసి పెరిగినవారు త్యాగరాయ శెట్టిగారు. 1852 ఏప్రిల్ 27న తెలుగు మాట్లాడే దేవాంగ కుటుంబంలో పుట్టారు. 1876లో ప్రెసిడెన్సీ కాలేజీలో బీఏ పూర్తిచేశారు. ఆ రోజుల్లో బీఏ అంటే సర్కారు కొలువు కాళ్ల దగ్గరికి వచ్చేది. ఆయన మాత్రం నేతను వదల్లేదు. చెన్నపట్నంలో సుమారు నూరు మగ్గాలతో పిట్టి నేత కార్ఖానా నడిపారు. ఫ్లై షటిల్ మగ్గాన్ని అక్కడ వాడకంలోకి తెచ్చినవారిలో ఆయన ముందు వరుసలో ఉంటారు.

ఈ మగ్గం సంగతి పిల్లల కోసం కొంచెం చెప్పాలి. పాత మగ్గం మీద నేసేవాడు నాడెను ఒక చేత్తో విసిరి రెండో చేత్తో పట్టుకోవాలి. అందువల్ల గుడ్డ పన్నా చేతులు చాపినంతే ఉంటుంది. అంతకన్నా వెడల్పు కావాలంటే ఇద్దరు కూర్చోవాలి. కొత్త మగ్గంలో తాడు లాగితే నాడె తనంతట తానే పడుగు మధ్య నుంచి ఈ కొస నుంచి ఆ కొసకు పరుగెత్తుతుంది. ఒక్కడే వెడల్పు గుడ్డ నేయొచ్చు, వేగం బాగా పెరుగుతుంది. ఇంగ్లండులో జాన్ కే దీన్ని 1733లో కనిపెట్టాడు. అక్కడి మిల్లుల గుడ్డ మన మగ్గాలను కూలదోస్తున్న కాలంలో, మన నేతగాడు నిలబడాలంటే పనిముట్టు మారాలని శెట్టిగారు పట్టుబట్టారు. కొత్త యంత్రం వస్తే కూలి పోతుందని నేతవాళ్లు భయపడతారని ఆయనకు తెలియక కాదు. తన సొంత కార్ఖానాలో నడిపి చూపించడమే దానికి జవాబనుకున్నారు. నాకు ఆయనలో అన్నిటికన్నా నచ్చింది ఇదే.

నాలుగు దశాబ్దాలు మద్రాసు కార్పొరేషన్‌లో సభ్యులుగా ఉన్నారు, అధికారి కాని మొదటి అధ్యక్షులయ్యారు. 1920లో థౌజండ్ లైట్స్‌లోని కార్పొరేషన్ బడిలో పిల్లలకు మధ్యాహ్నం ఫలహారం పెట్టాలని కౌన్సిల్ తీర్మానించింది. పిల్లవానికి రోజుకు ఒక అణా మించకూడదని లెక్క. మన దేశంలో బడి భోజనం చరిత్ర రాసేవాళ్లు ఆ అణా దగ్గర ఆగకుండా ముందుకు పోలేరు. 1925 ఏప్రిల్ 28న శెట్టిగారు కన్నుమూశారు. అప్పటికే నగరానికి పడమట ఒక కొత్త పేట గీతలు గీసుకుని సిద్ధమవుతోంది. దానికి ఆయన పేరు పెట్టారు.

ఆ పేట ఒక చెరువులో లేచింది. నుంగంబాకం నుంచి సైదాపేట దాకా వంపు తిరిగి పడుకున్న పెద్ద చెరువు అది. ఇంగ్లీషువాళ్లు లాంగ్ ట్యాంక్ అన్నారు. నగరానికి పడమటి సరిహద్దు ఆ నీళ్లే. మొదటి ప్రపంచ యుద్ధం తర్వాత జనం పెరిగి ఇళ్లు చాలక, 1920లో పట్టణ ప్రణాళిక చట్టం తెచ్చారు. 1923 నుంచి చెరువు నీళ్లు తీసి, పూడ్చి, వీధులు వేశారు. ఈ పని జరిగినప్పుడు మద్రాసు ప్రభుత్వానికి పెద్ద ఎవరు? పానగంటి రామరాయణింగారు, జనం నోట పానగల్ రాజా. 1866లో కాళహస్తిలో పుట్టారు. 1921 జులై నుంచి 1926 డిసెంబరు దాకా ప్రధాన మంత్రిగా ఉన్నారు. తిరుమల మొదలు మన గుళ్లన్నిటి నిర్వహణ మీద ప్రభావం చూపిన దేవాదాయ చట్టం ఆయన హయాంలో వచ్చిందే. కొత్త పేట నడుమ వేసిన పార్కుకు ఆయన పేరు పెట్టారు. ఆ పార్కు చుట్టూ తిరిగి రోడ్లు నాలుగు దిక్కులకూ పోతాయి. ఉస్మాన్ రోడ్డు, జి.ఎన్. చెట్టి రోడ్డు, డాక్టర్ నాయర్ రోడ్డు, నటేశన్ పార్కు, సౌందరపాండ్యన్ అంగడి, ఇవన్నీ జస్టిస్ పార్టీ నాయకుల పేర్లే. ఆ చివరిదాన్నే మనం పాండీ బజార్ అంటాం.

చెరువు పోయినా నీళ్లు ఆ దారి మరిచిపోలేదు. పడమటి మాంబళంలో ఇప్పటికీ ఒక వీధి పేరు లేక్ వ్యూ రోడ్డు. నుంగంబాకంలో ట్యాంక్ బండ్ రోడ్డు ఉంది. 2015 డిసెంబరు వానలకు టీ నగర్ వీధులు నీట మునిగాయి. మాంబళం కాలువ ఒక్కటే ఆ నీటినంతా అడయారు వైపు మోయాలి, అది ఇరుకైపోయింది. చెరువులు పూడ్చి బస్టాండ్లు, కాలనీలు కడుతున్న మన ఊళ్లవాళ్లు ఈ ఒక్క సంగతి టీ నగర్ నుంచి తప్పక నేర్చుకోవాలి. అంతకుమించి ఈరోజు ఈ విషయంలోకి పోను.

ఇక అసలు సంగతి. ఆ పేటను అంగడిగా ఎవరూ అనుకోలేదు. ఉద్యోగులు, వకీళ్లు చెట్ల నీడన ఇళ్లు కట్టుకుని ఉండడానికి వేశారు. దాన్ని అంగడిగా మార్చింది రైలు. మాంబళం స్టేషను అప్పటికే ఉంది. 1931లో బీచ్ నుంచి తాంబరం దాకా కరెంటు రైళ్లు నడవడం మొదలైంది. నిమిషాల తేడాతో బళ్లు వచ్చే స్టేషనుకు, ఉస్మాన్ రోడ్డుకు మధ్య ఒక సన్నటి వీధి ఉంది, రంగనాథన్ వీధి. బండి దిగిన ప్రతి మనిషీ ఆ వీధిలోంచే నడవాలి. అంగడికి కావలసింది నడిచే మనిషే. 1928లోనే కాంచీపురం నేత కుటుంబానికి చెందిన నల్లి చిన్నసామి చెట్టి పానగల్ పార్కు దగ్గర పట్టు చీరల దుకాణం పెట్టారు. తర్వాత ఒకదాని పక్కన ఒకటి వచ్చాయి. 1970 ప్రాంతంలో తిరునల్వేలి వైపు నుంచి వచ్చిన అన్నదమ్ములు రంగనాథన్ వీధిలో పాత్రల అంగడితో మొదలుపెట్టి, తక్కువ లాభానికి ఎక్కువ సరుకు అమ్మే పద్ధతి నేర్పారు. అగ్గిపెట్టె నుంచి అట్లకాడ దాకా, చీర నుంచి బంగారం దాకా ఒకే కప్పు కింద. వెడల్పు పెంచడానికి చోటు లేక అంగళ్లు పైకి పెరిగాయి.

మన తెలుగువాళ్లు అక్కడికి పోవడానికి ఇంకో దారి సినిమా. వడపళనిలో విజయా, వాహినీ స్టూడియోలు, టీ నగర్‌లో తారల ఇళ్లు. ఘంటసాల అక్కడే ఉన్నారు, సావిత్రి హబీబుల్లా రోడ్డులో, ఎన్.టి. రామారావు బజుల్లా రోడ్డులో. పానగల్ పార్కులో చిత్తూరు వి. నాగయ్యగారి విగ్రహం ఉంది. గుంటూరు జిల్లాలో పుట్టి మన చిత్తూరు పేరును ఇంటిపేరుగా మోసిన మనిషి ఆయన. ఎప్పుడైనా అటు పోతే ఒక్క నిమిషం ఆగి చూడండి.

యాత్రా బస్సుల కాలం ఇక్కడి పెద్దలకు గుర్తుండే ఉంటుంది. కోస్తా నుంచి, తెలంగాణ నుంచి జనం తిరుమల వచ్చి, గుండు కొట్టించుకుని, దర్శనం చేసుకుని, ఆ బస్సులోనే మద్రాసు పోయేవారు. దేవుణ్ణి చూశాక రామారావుగారిని చూడడం యాత్రలో ఒక భాగం. తెల్లవారేసరికి బజుల్లా రోడ్డులో బస్సులు బారులు తీరేవి. ఆయన మేడ మీదికి వచ్చి చేతులు జోడించేవారు. గుండ్ల మీద గంధం ఆరకముందే జనం ఆయనకు దండం పెట్టేవారు. తర్వాత ఏం చేయాలి? పక్కనే పాండీ బజారు. ఆడవాళ్లు చీరలు, గాజులు, స్టీలు సామాను కొనుక్కుని బస్సెక్కేవారు. ఆ బస్సులు పోయింది, వచ్చింది మన పుత్తూరు రోడ్డు మీదే. 1982లో ఆయన పార్టీ పెట్టడానికి చాలా ముందే తెలుగు జనం ఆయన గుమ్మం దాకా నడవడం అలవాటు చేసుకున్నారు. ఆ గుమ్మం ఒక అంగడి పక్కన ఉండడం వల్ల టీ నగర్ అంగళ్లకు తెలుగు నేర్చుకోక తప్పలేదు.

ఈ మధ్యలో రాష్ట్రాల గీతలు మారాయి. 1953లో ఆంధ్ర రాష్ట్రం వచ్చింది, మద్రాసు మనకు రాలేదు. 1960 ఏప్రిల్ 1న తిరుత్తణి తాలూకా మద్రాసు రాష్ట్రానికి పోయింది, మన పుత్తూరు తాలూకాలోంచి కూడా కొంత భాగం పోయింది. చుట్టరికాలు, పొలాలు, కొనుగోళ్లు గీతకు రెండు వైపులా చీలాయి. ఆ కాలపు బాధ నిజమైనదే. కానీ జవుళి దారి మాత్రం చెదరలేదు. ప్రభుత్వాలు గీసిన గీతను అంగడి పెద్దగా పట్టించుకోలేదు.

రంగనాథన్ వీధిలో పండగ ముందు రోజుల్లో నడిచి చూడండి. భుజాలు రాసుకోకుండా అడుగు పడదు. పిల్లవాణ్ణి ఎత్తుకున్న తండ్రి, పెట్టె నెత్తిన పెట్టుకున్న ముసలామె, పూలమ్మేవాళ్లు, కోసిన మామిడికాయ ముక్కల మీద కారం చల్లేవాళ్లు. లోపల అంగట్లో ఒక్కో అంతస్తుకు పదుల సంఖ్యలో పనిచేసే పిల్లలు నిలబడి ఉంటారు. వాళ్లను చూసి తమిళంలో వసంతబాలన్ 2010లో అంగాడి తెరు అనే సినిమా తీశారు, అది తెలుగులో షాపింగ్ మాల్ పేరుతో వచ్చింది. పొద్దుటి నుంచి రాత్రి దాకా కూర్చోనివ్వని ఉద్యోగం గురించి ఆ సినిమా మాట్లాడింది. 2021లో తమిళనాడు ప్రభుత్వం దుకాణాల చట్టాన్ని సవరించి, పనిచేసేవాళ్లకు కూర్చునే వసతి తప్పనిసరి చేసింది. కేరళ 2018లోనే ఆ పని చేసింది. మనిషి కూర్చోవడానికి చట్టం కావలసి వచ్చిందంటే ఆ వెలుగుల వెనక ఏముందో తెలుస్తుంది. 2017 మే 31న ఉస్మాన్ రోడ్డులో ఒక పెద్ద బట్టల అంగడి అంటుకుని రోజంతా ఆరలేదు. చివరికి భవనం మొత్తం కూల్చారు. 2019 నవంబరులో పాండీ బజారు రోడ్డు కుదించి నడిచేవాళ్లకు వెడల్పాటి దారి వేశారు. 2023 మేలో మాంబళం స్టేషను నుంచి ఆకాశ నడకదారి తెరిచారు. నడిచే మనిషి వల్ల బతికే అంగడి, ఆ మనిషికి దారి ఇవ్వడానికి తొంభై ఏండ్లు తీసుకుంది. ఆలస్యమైనా మంచి పని.

నడిచే మనిషికి దారి దొరికింది, నిలబడే మనిషికి కుర్చీ దొరికింది. మరి నేసే మనిషి సంగతి?

కొన్నేళ్ల కిందట మన వైపు నేతపని తెలిసిన ఒక పెద్దాయనతో కలిసి టీ నగర్‌లో ఒక అంగడికి వెళ్లాను. అందరూ చీర విప్పగానే కొంగు చూస్తారు. ఆయన కొంగు వదిలేసి అంచు పట్టుకున్నారు. రెండు వేళ్ల మధ్య నలిపి, తిరగేసి, ట్యూబులైటుకు అడ్డం పెట్టి చూశారు. పేక ఎంత గట్టిగా కొట్టుకుందో, అంచు దగ్గర పోగు ఎలా మళ్లిందో నాకు చూపించి, "ఇది మన దిక్కు గుడ్డే నాయనా" అన్నారు. సేల్స్ అబ్బాయి అది ఈరోడ్డు సరుకన్నాడు. అబద్ధం చెప్పాలని కాదు, అతనికి అలాగే చెప్పారు. గుడ్డ నిజంగా ఎక్కడిదో చెప్పడానికి ఆ చీరమీద ఏ ఆధారమూ లేదు. చీటీ మీద అంగడి పేరుంది, ధర ఉంది. కూలి ఎంతో ఆయనకు తెలుసు. ఆయన చీటీని కాసేపు చూసి, చీరను నలగకుండా మడతపెట్టి వెనక్కిచ్చేశారు.

నేసిన ఊరి పేరు ఇలా పోవడం కొత్త సంగతేమీ కాదు. ప్రపంచానికి మద్రాసు పేరు ఒక గుడ్డగా తెలుసు. గళ్ల నూలు గుడ్డను మద్రాస్ అంటారు. చెన్నపట్నం చుట్టుపక్కల పల్లెల నుంచి, తెలుగు తీరం నుంచి అది శతాబ్దాలుగా పశ్చిమాఫ్రికాకు పోయింది. నైజీరియాలో జార్జ్ అన్న మాట మన గుడ్డకు వాడతారు, సెయింట్ జార్జి కోట నుంచి వెళ్లిన సరుకు కాబట్టి. అక్కడి కలబారి స్త్రీలు ఆ గళ్ల గుడ్డలోంచి పోగులను బ్లేడుతో ఒక్కొక్కటే కోసి తీసేసి, తమ సొంత నమూనా తెచ్చుకుంటారు. అది వాళ్ల ఇంట పుట్టుకకు, పెళ్లికి, చావుకు కావలసిన గుడ్డ. 1950ల చివర అమెరికాలో ఈ గుడ్డ ఉతికితే రంగు కారుతోందని గొడవైతే, ఆ కారడమే దాని గొప్ప అని ప్రకటనలు వేసి మరీ అమ్మారు. ఇంత ప్రయాణంలో పేరు దక్కింది ఓడ ఎక్కించిన పట్నానికి. నేసిన పల్లెలన్నీ ఆ ఒక్క పేరు కింద కనబడకుండా పోయాయి. ఇప్పుడు ఆ పని టీ నగర్ పేరు చేస్తోంది.

పేరు పోయినంత మాత్రాన ఏం నష్టం, కూలి వస్తే చాలు కదా అనేవాళ్లున్నారు. నేను ఒప్పుకోను. పేరు లేని గుడ్డను ఎవరైనా ఎక్కడి నుంచైనా తెచ్చుకోవచ్చు. సూరత్‌లో పైసా తక్కువైతే బేరం సూరత్‌కు పోతుంది. పేరున్న గుడ్డ విషయంలో కొనేవాడే అడుగుతాడు. వెంకటగిరి చీర కావాలన్నవాడికి ఇంకో చీర చూపిస్తే తీసుకోడు. శ్రీకాళహస్తి కలంకారీకి, వెంకటగిరి చీరకు భౌగోళిక గుర్తింపు ఉంది. కాంచీపురం పట్టుకూ ఉంది. మూడూ మనకు కూతవేటు దూరంలో ఉన్నవే. నడుమ ఉన్న మన మరమగ్గాల గుడ్డకు అలాంటి గుర్తు లేదు. మరమగ్గం గుడ్డకు గౌరవమేమిటని చేమగ్గం మీద ప్రేమున్నవాళ్లు అనొచ్చు. చేనేత గొప్పతనం నాకు తెలుసు, దానికి కేటాయించిన రకాలు దానికే ఉండాలి. కానీ మరమగ్గాల చప్పుడు మధ్య చెవులు గడియలు పడేలా పన్నెండు గంటలు నిలబడే మనిషిది కూడా చేతిపనే. తెగిన పోగు యంత్రం అతుక్కోదు.

పేరుతో పాటు బాధ్యత కూడా వస్తుంది, అది కూడా చెప్పాలి. నగరి మీదుగా పారే నీళ్లు కుశస్థలిలో కలిసి పూండి జలాశయానికి చేరతాయి. 1944లో కట్టిన ఆ జలాశయం చెన్నపట్నానికి తాగునీళ్లు ఇస్తుంది. మన అద్దకం తొట్ల నుంచి శుద్ధి చేయకుండా వదిలిన రంగునీళ్లు ఆ దారినే పోతాయి. చీర కట్టుకున్న ఆమె కుళాయిలోకే మన రంగు చేరుతుందన్నమాట. ఊరి పేరు గుడ్డ మీద వేసిన రోజు, ఏటి నీళ్ల సంగతి కూడా మనల్ని అడుగుతారు. అడగాలి కూడా.

గుడ్డ మీద ఊరి పేరు వేయడం కష్టమా? కాదు. పెరంబూరులో బిన్నీవారి బకింగ్‌హామ్, కర్నాటిక్ మిల్లులు నడిచిన రోజుల్లో గుడ్డ మీద మిల్లు ముద్ర చూసి మరీ కొనేవారు. బిన్నీ గుడ్డ అని అడిగి తీసుకునేవారు. ఆ మిల్లులు 1996లో మూతపడ్డాయి, ఆ పేరు మాత్రం పెద్దవాళ్ల నోట ఇంకా ఉంది. అంచులో అక్షరాలు దింపే ఏర్పాటు మరమగ్గానికి కొత్తేమీ కాదు. అది కుదరనిచోట కొస మీద ముద్ర కొట్టొచ్చు.

అందుకని ఈ సభలో ఉన్న మరమగ్గాల యజమానులను చేతులు జోడించి అడుగుతున్నాను. ఈ సంక్రాంతికి పోయే సరుకులో కొంతైనా, చీర కొసన తెలుగులో, తమిళంలో "పుత్తూరు నేత" అన్న రెండు మాటలు వేసి పంపండి. వద్దన్న దళారి ఎవరో, ఎందుకు వద్దన్నాడో సంఘంలో రాసి పెట్టుకోండి. నగరి, నారాయణవనం వాళ్లతో కలిసి కూర్చుని ఒక గుర్తు, ఒక నాణ్యత కొలత నిర్ణయించుకోండి, రంగునీళ్ల శుద్ధిని ఆ కొలతలోనే చేర్చండి. అక్కచెల్లెళ్లను అడిగేది ఇంకా చిన్నది. ఈసారి టీ నగర్‌కు జవుళికి పోయినప్పుడు, కౌంటరు దగ్గర కూర్చుని ధర అడిగేముందు ఒక్క మాట అడగండి: "ఇది ఏ ఊళ్లో నేసింది నాయనా?" జవాబు తెలియదంటే, తెలుసుకుని చెప్పమనండి. పుత్తూరు నుంచి వచ్చామని కూడా చెప్పండి.